ఇద్దరి అంగీకారం: శ్రీమతి మిఠాన్ లామ్ జీవితగాథ

నికాహ్ సమయంలో ఖాజీగారు వధువు సమ్మతిని అడిగి తెలుసుకోనిదే వివాహం పూర్తి కాదని మన ఇండ్లలో చిన్నపిల్లలకు సైతం తెలుసు. పార్శీల వివాహంలో కూడా ‘ఆశీర్వాద్’ అనే విధిని జరిపే పురోహితుడు వధూవరులు ఇద్దరి సమ్మతినీ అడుగుతాడు. ఇద్దరూ ఔనన్న తరువాతనే దీవెనలు. ఇట్లా ఇద్దరి మాటతో మొదలైన బంధం ఏ కారణంచేతనో నిలవక, ఇక విడిపోవటమే మేలని ఆ ఇద్దరే ఒక అభిప్రాయానికి వచ్చినప్పుడు ఆ మాటకు విలువ ఉండాలా, వద్దా? లోనికి వచ్చేటప్పుడు అడిగిన సమ్మతిని బయటకు వెళ్ళేటప్పుడు ఎందుకు అడగరాదు?

భారతదేశంలో పార్శీ దంపతులకు చట్టం ఈ ప్రశ్నకు సమాధానం చెప్పినది 1988లో. అంతకు ఏడేండ్ల ముందు, 1981లో, ఆ సమాధానానికి దారి చదును చేసినవారిలో ఒకరైన విదుషీమణి కన్నుమూశారు. ఆమె శ్రీమతి మిఠాన్ లామ్. బొంబాయి హైకోర్టులో వాదించిన ప్రథమ మహిళగా ఆమె పేరు చరిత్రకెక్కింది. ఆ కీర్తి వెనుక మరుగున పడిన మరొక సేవను మా పాఠకులకు పరిచయం చేయాలనే సంకల్పంతో ఈ వ్యాసం వ్రాస్తున్నాము. విడాకులు అనే మాట మంగళకరమైనది కాదు, కళాశాల సంచికలో దాని ప్రస్తావన ఎందుకని కొందరు పెద్దలు అనుకోవచ్చు. ఇంటిని నిలబెట్టే ధర్మాన్ని బోధించే మనము, నిలబడని ఇంటిలో చిక్కుకొన్న మనుషుల గతి ఏమిటో తెలుసుకోకుండా ఉండటం న్యాయం కాదని మా నమ్మకం.

పార్శీలు ఇరాన్ దేశంనుండి వచ్చి గుజరాత్ తీరంలో స్థిరపడిన జరతుష్ట్ర మతస్థుల సంతతివారు. 2011 జనాభా లెక్కల ప్రకారం దేశం మొత్తంమీద వారి సంఖ్య 57,264 మాత్రమే. మన జంటనగరాలకు వారు కొత్తవారు కారు. సికింద్రాబాదులో పందొమ్మిదవ శతాబ్దంనాటి వారి అగ్న్యాలయం ఉన్నది. ఇంత చిన్న సమాజం తన కుటుంబ వ్యవహారాలకు తగిన చట్టాన్ని తానే అడిగి, తానే చిత్తుప్రతి సిద్ధం చేసుకొని, కాలం మారినప్పుడల్లా తానే సవరింపజేసుకొన్న తీరు అల్పసంఖ్యాక వర్గాలకు చెందిన మనకు ఎంతో ఆలోచన కలిగించగలదు.

మిఠాన్ లామ్ చేసిన పని విలువ తెలియాలంటే ఆమె పుట్టుకకు పూర్వపు సంగతి కొంత చెప్పక తప్పదు. పందొమ్మిదవ శతాబ్దపు తొలి రోజులవరకు బొంబాయి పార్శీల వివాహ వ్యవహారాలను వారి పంచాయతీ చూసేది. క్రమంగా ఆ పెద్దల మాటకు పట్టు తప్పింది. ధనవంతులు మొదటి భార్య ఉండగానే రెండవ పెండ్లి చేసుకొన్నా ఏమీ అనలేని దుస్థితి ఏర్పడింది. ఆంగ్లేయుల న్యాయస్థానాలను ఆశ్రయిద్దామంటే అక్కడ మరొక చిక్కు ఎదురైంది. ఒక పార్శీ భార్య భర్తపై తెచ్చిన దావాలో 1856లో లండనులోని ప్రీవీ కౌన్సిల్ తీర్పు చెబుతూ, క్రైస్తవ మతవ్యవస్థనుండి పుట్టిన ఇంగ్లండు వివాహ న్యాయాన్ని పార్శీలకు వర్తింపజేయటం కుదరదని తేల్చింది. పంచాయతీ మాట చెల్లదు, కోర్టుకు అధికారం లేదు. మధ్యలో భార్య దిక్కులేనిదైంది.

అంతకు ముందు సంవత్సరమే, అనగా 1855లో, బొంబాయి పార్శీ ప్రముఖులు ఒక న్యాయ సంఘాన్ని స్థాపించుకొని ఉన్నారు. ఆ సంఘం పట్టుదలతో చేసిన కృషి ఫలితంగా 1865లో పార్శీ వివాహ, విడాకుల చట్టం వచ్చింది. బహుభార్యాత్వం నేరమైంది. పార్శీ వివాహ వివాదాలను వినటానికి ప్రత్యేక న్యాయస్థానాలు ఏర్పడ్డాయి. వాటిలో న్యాయమూర్తితోపాటు పార్శీ సమాజంనుండి ఎంపికైన ప్రతినిధులు కూర్చుండి వాస్తవాలను నిర్ణయించే పద్ధతి మొదలైంది. ఆ కాలానికి అది గొప్ప ముందంజ అనటంలో సందేహం లేదు.

అయినా ఆ చట్టపు తక్కెడ సరిగా తూగలేదు. భార్య పరపురుషునితో వ్యభిచరించినదని ఋజువైతే చాలు, భర్తకు విడాకులు దొరికేవి. భార్యకు మాత్రం ఆ ఒక్క కారణం అన్నివేళలా చాలేది కాదు. భర్త వేశ్యాలోలుడైతే అది విడాకులకు తగిన కారణంగా పరిగణింపబడేది కాదు. దానికి క్రౌర్యమో, రెండేండ్ల పరిత్యాగమో తోడైతే తప్ప ఆమెకు విముక్తి లేదు. ఒకే అపరాధానికి ఇంటిలోని ఇద్దరికీ రెండు వేర్వేరు తూకపు రాళ్ళు! ఈ అసమానత డెబ్భై సంవత్సరాలు కొనసాగింది.

ఆ చట్టం వచ్చిన ముప్పది మూడేండ్లకు, 1898వ సంవత్సరం మార్చి 2వ తేదీన మిఠాన్ టాటా జన్మించారు. తండ్రి ఆర్దెషీర్ టాటా బట్టల మిల్లులో ఉద్యోగి. తల్లి హేరాబాయి. ఆ దంపతులు తమ కుమార్తె చదువుకు ఏ లోటూ రానివ్వలేదు. ఆమె బాల్యంలో కొంత కాలం అహమ్మదాబాదులో గడిచింది. తరువాత కుటుంబం బొంబాయికి చేరింది. ఎల్ఫిన్‌స్టన్ కళాశాలలో ఆమె అర్థశాస్త్రం ప్రధానాంశంగా పట్టభద్రులై, ఆ శాస్త్రంలో ప్రథమస్థానం పొందినవారికిచ్చే కాబ్డెన్ క్లబ్ పతకాన్ని అందుకొన్నారు.

ఆమె జీవితాన్ని మలుపు తిప్పిన సంఘటన 1911లో కాశ్మీరులో జరిగింది. విహారానికి వెళ్ళిన తల్లీకూతుళ్ళకు శ్రీనగర్‌లో సోఫియా దులీప్ సింగ్ తారసపడ్డారు. ఆమె పంజాబును ఏలిన మహారాజా రంజిత్ సింగ్ మనుమరాలు, ఇంగ్లండులో స్త్రీల ఓటుహక్కుకై పోరాడుతున్న వీరవనిత. ఆమె ధరించిన ఉద్యమ చిహ్నం హేరాబాయిని ఆకర్షించింది. ఆ పరిచయం నాటిన విత్తనం ఎనిమిదేండ్లలో మొలకెత్తింది. పదమూడేండ్ల బాలికగా ఆ సంభాషణలను విన్న మిఠాన్ మనస్సులో కూడా అది చెరగని ముద్ర వేసింది.

1919లో భారతదేశానికి కొత్త రాజ్యాంగ సంస్కరణలు రూపొందుతున్నాయి. ఓటుహక్కు విషయం విచారించిన సౌత్‌బరో సంఘం భారత స్త్రీలకు ఆ హక్కు అవసరం లేదని చెప్పింది. ఈ అన్యాయాన్ని ఎదుర్కొనటానికి బొంబాయి మహిళలు హేరాబాయిని తమ ప్రతినిధిగా లండనుకు పంపారు. ఇరవై ఒక్క సంవత్సరాల మిఠాన్ తల్లికి తోడుగా వెళ్ళారు. బ్రిటిష్ పార్లమెంటు సంయుక్త సంఘం ఎదుట వారు భారత స్త్రీల పక్షాన తమ వాదం వినిపించారు. మన హైదరాబాదు ఆడపడుచు శ్రీమతి సరోజినీ నాయుడు కూడా ఆ సంఘం ఎదుట అదే కోర్కెను వినిపించటం మనము గర్వంతో స్మరించదగిన విషయం. పార్లమెంటు తాను స్వయంగా ఆ హక్కు ఇవ్వలేదు. ఇవ్వాలో వద్దో నిర్ణయించుకొనే అధికారాన్ని రాష్ట్రాల శాసనసభలకు వదలిపెట్టింది. 1921లో మద్రాసు, బొంబాయి శాసనసభలు స్త్రీలకు ఓటుహక్కు ప్రసాదించాయి. నాటి మద్రాసు రాష్ట్రంలో చేరియున్న కోస్తా, రాయలసీమ జిల్లాల తెలుగు స్త్రీలలో అర్హతగలవారికి అట్లా తొలిసారి ఓటు లభించింది.

తల్లీకూతుళ్ళు వెంటనే స్వదేశానికి తిరిగి రాలేదు. లండనులో మిఠాన్ ఒకవైపు అర్థశాస్త్రంలో ఉన్నత విద్యను అభ్యసిస్తూ, మరొకవైపు లింకన్స్ ఇన్‌లో న్యాయశాస్త్ర విద్యార్థినిగా చేరారు. ఇంగ్లండులో స్త్రీలకు న్యాయవాద వృత్తి తలుపులు తెరుచుకొన్నది 1919 చట్టంతోనే. ఆ తలుపులు తెరిచిన కొద్దికాలానికే లోపలికి అడుగుపెట్టిన తొలితరం స్త్రీలలో ఆమె ఒకరు. 1923 జనవరిలో బారిస్టరు పట్టం పొందారు. అదే సంవత్సరం భారతదేశంలో కూడా స్త్రీలు న్యాయవాద వృత్తి చేపట్టటానికి ఉన్న అడ్డంకిని తొలగిస్తూ శాసనం వచ్చింది. బొంబాయికి తిరిగివచ్చిన మిఠాన్ ప్రఖ్యాత న్యాయవాది భూలాభాయ్ దేశాయ్ వద్ద చేరి హైకోర్టులో వృత్తి ఆరంభించారు.

ఆమె చేతికి వచ్చిన తొలి దావా వృత్తాంతం నవ్వు తెప్పిస్తుంది, నొప్పి కూడా కలిగిస్తుంది. దావాదారుకు తన గెలుపు తథ్యమని ధీమా. ఆడపిల్ల చేతిలో ఓడిపోయాడన్న అవమానం కూడా ప్రతివాదికి కలగాలనే కోర్కెతో అతడు ఏరికోరి ఆమెను వకీలుగా పెట్టుకొన్నాడట! ఆనాటి సమాజం స్త్రీ నోటి మాటను ఏ కంటితో చూసేదో ఈ ఒక్క సంగతి చాలు. అట్టి వాతావరణంలో ఆమె నిలదొక్కుకొన్నారు. కొన్ని సంవత్సరాలకే గౌరవ న్యాయాధికారిణిగా నియుక్తులయ్యారు. బొంబాయి ప్రభుత్వ న్యాయ కళాశాలలో పాఠాలు చెప్పారు. 1933లో న్యాయవాది జంషేద్ లామ్‌ను వివాహమాడారు.

ఇక మన ప్రధాన విషయానికి వద్దాము. 1865 నాటి వివాహ చట్టాన్ని సంస్కరించాలని పార్శీ సమాజం తలపెట్టినప్పుడు, ఆ పనికై ఏర్పడిన సంఘంలో మిఠాన్ లామ్‌ను సభ్యురాలిగా తీసుకొన్నారు. సవరణల రూపకల్పనలో ఆమెకు భాగం లభించింది. ఓటుహక్కు కోరిన చోట, కోర్టులో వాదించిన చోట ఆమె ఒకే సత్యాన్ని గ్రహించి ఉన్నారు. స్త్రీ మాటకు బయట ఎంత గౌరవం సంపాదించినా, ఇంటిని ఏలే చట్టంలో ఆమె సగం మనిషిగానే ఉంటే ఆ గౌరవం గాలిలో కట్టిన మేడ.

1936లో కొత్త పార్శీ వివాహ, విడాకుల చట్టం అమలులోకి వచ్చింది. అందులో విడాకులకు కారణాల పట్టిక ఒక్కటే. వివాహిత వ్యక్తి ఎవరైనా, భర్త గాని భార్య గాని, దానిని ఆశ్రయించవచ్చు. పురుషుని వ్యభిచారానికీ స్త్రీ వ్యభిచారానికీ ఉండిన తేడా తొలగిపోయింది. వేశ్యాలోలత్వానికి దొరికిన పాత మినహాయింపు రద్దయింది. పరిత్యాగం, దీర్ఘకాల కారాగారవాసం, తీవ్రమైన దేహహింస వంటి కారణాలు ఇద్దరికీ సమంగా వర్తించాయి. డెబ్భై ఏండ్లనాటి తప్పుడు తూకపు రాయి ఆనాటితో మూలపడింది.

అయితే ఆ చట్టంలో ఒక్కటి లోపించింది. విడాకులు కావాలంటే ఎవరో ఒకరు దోషి కావలసిందే. ఒకరు నింద మోపాలి, మరొకరు మోయాలి. నింద మోపదగిన దోషమేదీ లేక, కలిసి బ్రతకలేకపోవటమే బాధ అయిన దంపతులకు అందులో దారి లేదు. అంతేకాదు, భార్యాభర్తలు లాలూచీ పడలేదని కోర్టుకు నమ్మకం కుదిరితేనే విడాకులు మంజూరు చేయాలని చట్టం శాసించింది. అనగా, ఇద్దరూ కలిసి ఒక మాట మీదికి రావటమే విడుదలకు అడ్డంకి! తగవులాడుకొనేవారికి దారి ఉన్నది, తగవు లేకుండా తప్పుకొందామనేవారికి లేదు.

ఇక్కడ మన విద్యార్థులు ఒక విశేషాన్ని గమనించాలి. సరిగా మరుసటి సంవత్సరం, 1937లో, ముస్లిములకు షరీఅత్ వర్తింపు చట్టం వచ్చింది. వివాహబంధం తెగిపోయే పద్ధతులను పేర్కొన్న చోట ఆ చట్టం ఖులాతోపాటు ముబారాత్‌ను పేరుపెట్టి చెప్పింది. భార్యాభర్తలిద్దరూ పరస్పర సమ్మతితో ఒకరినొకరు బంధవిముక్తులను చేయటమే ముబారాత్. ఒక సమాజపు ధర్మశాస్త్రంలో శతాబ్దాలుగా ఉన్న మార్గం పొరుగు సమాజపు చట్టంలో అప్పటికి లేదు. దీనిని చూసి మనము అతిశయపడవలసినది ఏమీ లేదు. గ్రంథంలో ఉన్న హక్కు మన ఆడపిల్లల్లో ఎందరికి తెలుసు, తెలిసినవారిలో ఎందరు నోరు విప్పి అడగగలరు అనే ప్రశ్న మనకు మిగిలే ఉన్నది.

స్వతంత్ర భారతంలో పరస్పర సమ్మతి విడాకులు ఒక్కొక్క చట్టంలోనే ప్రవేశించాయి. 1954 నాటి ప్రత్యేక వివాహ చట్టం ఈ వెసులుబాటు కల్పించింది. హిందూ వివాహ చట్టంలోనికి 1976లో వచ్చింది. పార్శీల చట్టంలోనికి 1988 సవరణ ద్వారా 32-బి సెక్షనుగా చేరింది. క్రైస్తవుల విడాకుల చట్టంలోనికి 2001లో ప్రవేశించింది.

పార్శీ చట్టంలోని ఈ సెక్షను ప్రకారం భార్యాభర్తలిద్దరూ కలిసి ఒకే దావా వేస్తారు. ఒకరు వాది, మరొకరు ప్రతివాది అనే భేదం లేదు. పెండ్లి జరిగి ఒక సంవత్సరం గడిచి ఉండాలి. ఒక సంవత్సరమో అంతకు మించో వేర్వేరుగా నివసిస్తూ ఉండాలి. కలిసి బ్రతకలేకపోయామనీ, వివాహం రద్దు కావటానికి ఇద్దరమూ అంగీకరించామనీ తెలియజేయాలి. హిందూ వివాహ చట్టంలో మొదటి అర్జీకి, రెండవ విన్నపానికి నడుమ ఆరు నెలల గడువు వ్రాసి ఉన్నది. పార్శీ సెక్షనులో అటువంటి రెండవ విన్నపం ప్రసక్తి లేదు. అయితే కోర్టు కన్ను మూసుకొని ముద్ర వేయదు. ఇద్దరినీ విని, తగిన విచారణ జరిపి, చెప్పిన మాటలు నిజమేనని, ఏ ఒక్కరి సమ్మతీ బలవంతంవల్ల గాని మోసంవల్ల గాని పొందినది కాదని తృప్తి చెందాలి. ఆ తరువాతనే డిక్రీ. అదే సవరణ ఇతర మార్పులతోపాటు విచారణలో న్యాయమూర్తికి తోడ్పడే సమాజ ప్రతినిధుల సంఖ్యను ఐదుకు తగ్గించింది.

బలవంతం, మోసం అనే ఆ రెండు మాటలదగ్గర మేము కొంచెం ఆగుతాము. అంగీకారం అనేది ఇద్దరు సమానుల మధ్య కుదిరేది. ఒకరి చేతిలో ఆస్తి, చదువు, చట్టం అన్నీ ఉండి, మరొకరి చేతిలో ఏమీ లేనప్పుడు బలహీనురాలు చెప్పే ఔను సమ్మతి కాదు, లొంగుబాటు. 1865 నాటి అసమాన చట్టంలోనే పరస్పర సమ్మతి సెక్షనును చేర్చి ఉంటే ఏమయ్యేదో ఊహించండి. భర్త దోషాన్ని ఋజువు చేసినా విడుదల దొరకని భార్య, అతడు చూపిన కాగితంమీద, అతడు చెప్పిన షరతులకు సంతకం చేసి ఉండేది. కనుక ముందు తూకం సరి కావాలి, ఆ తరువాత ఇద్దరి మాట. 1936 చట్టం మొదటి పని చేసింది. 1988 సవరణ రెండవది చేసింది. ఈ వరుసలోనే మిఠాన్ లామ్ కృషి విలువ మనకు స్పష్టమవుతుంది. 1988 సవరణలో ఆమె సంతకం లేదు. కాని ఆ సవరణ ఏ నేలమీద నిలిచిందో ఆ నేలను చదును చేసిన చేతులలో ఆమె చేతులు కూడా ఉన్నాయి.

ఆమె శేషజీవితం సైతం ప్రజాసేవలోనే గడిచింది. 1947లో బొంబాయి నగర షెరీఫ్ గౌరవ పదవిని అలంకరించిన ప్రథమ మహిళ ఆమె. దేశవిభజన గాయాలతో తరలివచ్చిన కాందిశీకుల పునరావాసానికై మహిళల సంఘానికి నాయకత్వం వహించారు. బొంబాయి మాటుంగా శ్రామికవాడలోని నిరుపేద స్త్రీలకై పాటుపడ్డారు. అఖిల భారత మహిళా సభకు అధ్యక్షురాలిగా 1961-62లో పనిచేశారు. 1962లో భారత ప్రభుత్వం పద్మభూషణ్ బిరుదంతో ఆమెను సత్కరించింది. బిరుదులు, పదవులు ఎన్ని వచ్చినా, మొదటినుండి చివరివరకు ఆమె చేసిన పని ఒక్కటే అని మాకు తోస్తుంది. స్త్రీ చెప్పిన మాటను లెక్కలోకి తీసుకొనేట్లు చేయటమే ఆ పని. ఓటు పెట్టెలో, న్యాయస్థానంలో, చివరకు దాంపత్య బంధంలో.

విద్యార్థినీ విద్యార్థులారా! విడాకులు సులభం కావాలని మేము కోరటం లేదు. ప్రతి ఇల్లూ చల్లగా నిలవాలనే మా ప్రార్థన. పెద్దలు నచ్చజెప్పాలి, దంపతులు ఓర్చుకోవాలి, పిల్లల ముఖం చూసి పట్టుదలలు సడలించుకోవాలి. ఇన్ని చేసినా సాధ్యపడనప్పుడు, ఒకరిపై ఒకరు బురద చల్లుకొని నలుగురిలో నవ్వులపాలై విడిపోవటం మేలా, మర్యాదగా ఒకే కాగితంమీద ఇద్దరూ వ్రాలు చేసి విడిపోవటం మేలా? పిల్లలకు రేపు తల్లిని గురించి, తండ్రిని గురించి మంచిగా చెప్పుకొనే అవకాశం మిగిల్చేది ఏదో మీరే ఆలోచించండి.

మరొక్క మాట. మీలో కొందరు న్యాయశాస్త్రం చదువుతారు. ముఖ్యంగా మా విద్యార్థినులలో కొందరైనా ఆ నల్లకోటు ధరించాలని మా ఆకాంక్ష. ఆనాడు ఎదుటివానిని అవమానించటానికి ఒక ఆడపిల్లను వకీలుగా పెట్టుకొన్న మనిషి పేరు చరిత్ర మరచిపోయింది. ఆ ఆడపిల్ల మాత్రం తన సమాజపు ఇంటి చట్టాన్ని సరిదిద్దటానికి పిలువబడింది. అల్పసంఖ్యాక సమాజానికి మేలు ఎవరో వచ్చి చేసేది కాదు. చదువుకొన్న బిడ్డలు తమ ఇంటి గడపనుండే మొదలుపెట్టాలి. శ్రీమతి మిఠాన్ లామ్ జీవితం మనకు నేర్పే పాఠం ఇదే.